రెండు పక్కలా సమానంగా

నవంబరు చివరి ఆదివారం మధ్యాహ్నం, చర్చి నుంచి వచ్చి భోజనానికి కూర్చునే లోపు, జ్ఞానప్రకాశం గారు మేడమీద ఇంటి పిల్లికి కుడిచంక కింద జుట్టు కాస్త ఎక్కువగా కత్తిరించారు. ఒక పక్క ఎక్కువ తెగితే రెండో పక్కనూ అంతే కత్తిరించి సమం చేయడం టైలరు పని కనక, పిల్లిని అటు తిప్పి ఎడమచంక కింద కూడా కత్తిరించారు. దూరం జరిగి చూస్తే ఎడమవైపు కొంచెం ఎక్కువైనట్టు కనిపించింది. కుడివైపు దాన్ని సరిచేశారు. అప్పుడు ఎడమవైపు తక్కువైనట్టు తోచింది. అన్నం చల్లారిపోతోందని లోపల్నుంచి ఆయన భార్య దయామణి గారు కేకేసే సమయానికి, పిల్లి ముందుకాళ్ళ మొదళ్ళ నుంచి డొక్కల దాకా, చేతుల్లేని జాకెట్టుకు చంకలు తీసినట్టు రెండు పక్కలా చక్కటి గుండ్రాలు తేలాయి. ఒకదానికొకటి అచ్చుగుద్దినట్టు సరిపోయాయి. పని బాగానే కుదిరింది. పిల్లి మాత్రం ఆయనది కాదు.

జ్ఞానప్రకాశం గారి దుకాణం కె.ఆర్.పురంలో సంత జరిగే చోటికి వెనక వీధిలో ఉంది. కింద ముందుగది దుకాణం, దాని వెనక వాళ్ళిల్లు, పైన అద్దెకిచ్చిన ఇల్లు. నేనుండేది ఎదురుగా. తాతలనాడే బంగారుపేట వైపు నుంచి వచ్చి స్థిరపడిన తెలుగువాళ్ళు వాళ్ళు. ఆయన కస్టమర్లతో కన్నడం, భార్యతో తెలుగు, దేవుడితో రెండూ మాట్లాడతారు.

ఆయన గురించి వీధిలో రెండు సంగతులు అందరికీ తెలుసు. ఒకటి, ఇచ్చిన బట్ట చెప్పిన రోజుకు రాదు. ఎప్పుడు వెళ్ళి అడిగినా కళ్ళజోడు పైనుంచి చూసి, "అయిపోయిందమ్మా, కాజాలొకటే బాకీ" అంటారు. ఇంకా కత్తెర పడని గుడ్డ గురించి కూడా అదే మాట, అంతే నమ్మకంగా. గుండీలూ కాజాలూ లేని లంగా గురించి కూడా ఒకసారి అలాగే అన్నారు. రెండోది, మిగిలిన గుడ్డ. అరచేతంత ముక్క మిగిలినా చుట్టచుట్టి, అదే రంగు దారంతో ముడేసి, కుట్టిన బట్టతోపాటు తిరిగిచ్చేస్తారు. "గుడ్డ మీది, కుట్టు నాది" అంటారు. మిగిలిన ముక్కలతో సంచీలూ మెత్తలూ కుట్టుకోని టైలరును నేనింకొకర్ని చూడలేదు. ఆ ఆలస్యాన్ని మేమంతా భరించేది ఈ చిన్న చుట్టల కోసమే.

పైన అద్దెకుండే శ్రీజది కాకినాడ. వైట్‌ఫీల్డ్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. వారంలో సగం రోజులు ఆఫీసు, సగం రోజులు ఇల్లు. ఆ అమ్మాయి పిల్లి పేరు బూరె. పర్షియన్ జాతి. బాగా వేగిన బూరె రంగు, బూరె గుండ్రం, ముక్కు మాత్రం ఎవరో వేలితో లోపలికి నొక్కినట్టుంటుంది. ఒళ్ళంతా పట్టులాంటి పొడుగు జుట్టు. దానికి రోజూ సేవ చేయాలి. పొద్దున్నే శ్రీజ మెట్లమీద ఎండలో కూర్చుని, బూరెను ఒళ్ళో వెల్లకిలా పడుకోబెట్టుకునేది. ముందు పెద్దపళ్ళ దువ్వెన, తర్వాత సన్నతీగల బ్రష్షు, చివర తడిగుడ్డతో కళ్ళకింద మరకలు తుడవడం. చెవిలో మీటింగు నడుస్తున్నా ఒక చెయ్యి దువ్వుతూనే ఉండేది. బ్రష్షుకు పట్టిన జుట్టును ఉండచేసి మెట్లమీద పెడితే, గాలికి అది మా గుమ్మందాకా దొర్లుకుంటూ వచ్చేది.

పిన్ని కూతురి పెళ్ళికని ఊరెళుతూ శ్రీజ బూరెను జ్ఞానప్రకాశం దంపతులకు అప్పగించింది. గిన్నె, తిండి, ఇసుక తొట్టి, దువ్వెన, బ్రష్షు, అన్నీ దుకాణంలో కటింగు బల్లమీద పెట్టి ఒక్కొక్కటీ చూపించింది.

"అంకుల్, రోజూ ఒక్కసారి దువ్వితే చాలు. వదిలేస్తే ఉండలు కట్టేస్తుంది. ఎక్కడన్నా ఉండ తగిలితే కొంచెం మొక్కజొన్న పిండి చల్లి వేళ్ళతో మెల్లగా విడదీయండి. కత్తెర మాత్రం వద్దు, ప్లీజ్. దీని చర్మం పల్చగా ఉంటుంది, జుట్టు లాగితే దాంతోపాటు పైకి లేచిపోద్ది."

"కత్తెర గురించి నాకు చెప్తా ఉండావా అమ్మా" అన్నారాయన.

నవ్వుతూనే అన్నారు. కానీ ఆ మాట ఆయనకెక్కడో గుచ్చుకుందని దయామణి గారు తర్వాత నాతో చెప్పారు. ఆ అమ్మాయి అటు ఆటో ఎక్కగానే, "మనం పుట్టిందే కత్తెర పట్టుకొని, మనకి చెప్తాది" అని రెండుసార్లు అన్నారట.

ఆయన దువ్వలేదని అనడానికి లేదు. రోజూ దువ్వారు. బూరెను బల్లమీద నిలబెట్టి, మఖమలు గుడ్డకు బ్రష్షు కొట్టినట్టు, తల దగ్గర మొదలుపెట్టి తోకదాకా, నూగు వాలిన వైపే ఒకే దారిన లాగేవారు. మఖమలుకు పైవైపే అసలువైపు. లోపలివైపు ఎవరు చూస్తారు, అక్కడ లైనింగు పడుతుంది. బూరె వీపు దర్జాగా మెరిసింది. క్రిస్మస్ బట్టల కోసం వచ్చినవాళ్ళంతా మెచ్చుకున్నారు. చంకల కిందకీ పొట్టమీదకీ మాత్రం ఆ బ్రష్షు ఒక్కసారి కూడా వెళ్ళలేదు.

శ్రీజ సాయంత్రానికి వస్తుందనగా, ఆ ఆదివారం చివరిసారి దువ్వుదామని బూరెను ఎత్తుకుంటే ఆయన వేళ్ళకు చంకకింద గట్టిగా తగిలింది. కొబ్బరిపీచు ఉండలాంటిది. రెండో చంకకిందా ఒకటి. మొక్కజొన్న పిండి చల్లి, వేళ్ళు పెట్టి లాగారు. బూరె ఆయన బొటనవేలు పట్టుకుని కొరికింది. చిక్కుపడ్డ దారం విడకపోతే ఇన్నేళ్ళుగా ఏం చేస్తున్నారో అప్పుడూ అదే చేశారు. తర్వాత జరిగింది మొదటే చెప్పాను. చర్మానికి గాటు పడలేదు. ఇది ఇప్పుడే చెప్పేస్తున్నాను, లేకపోతే ఇక్కడినుంచి మీరు ఆయన కథ వినరు.

దయామణి గారు గరిటె చేత్తో పట్టుకుని వచ్చి పిల్లిని చూశారు. మొగుణ్ణి చూశారు. మళ్ళీ పిల్లిని చూశారు.

"ఏమిది, దీనికి బ్లౌజు కుడ్తా ఉండావా?"

"ఉండ కట్టింటే తీస్తిని."

"ఆ పాప కత్తెర వద్దని చెప్పిందా లేదా?"

"కత్తెర పట్టేది తెల్వనోళ్ళకి చెప్పే మాట అది."

"తెలిసినోడు చేసింది చూస్తానే ఉండాను" అని ఆవిడ లోపలికెళ్ళిపోయారు.

పిల్లికి చొక్కా కుట్టాలన్న ఆలోచన ఆయనకు అన్నం తింటుండగా వచ్చింది. చలి మొదలైంది కదా, పిల్లికి చలెయ్యదా అని ముందు తనకే చెప్పుకుని నమ్మారు. తీరా చూస్తే దుకాణంలో మిగిలిన ముక్క ఒక్కటీ లేదు. అన్నీ ఎవరివి వాళ్ళకి ఇచ్చేశారు. పండక్కి కొనుక్కున్న కొత్త గళ్ళలుంగీ తీసి, దాన్ని కత్తిరించి, బూరెకు పొట్టకింద గుండీలు పెట్టి చొక్కా కుట్టారు. ఆ వీధిలో ఆయన వేళకు పూర్తిచేసి ఇచ్చిన బట్ట నాకు తెలిసి అదొక్కటే. కాజాలతో సహా.

సాయంత్రం శ్రీజ చూసి మురిసిపోయింది. ఫోటోలు తీసి వాళ్ళమ్మకు పంపింది. "అంకుల్, మీరు మామూలోళ్ళు కాదు" అంది. పూతరేకుల డబ్బా ఒకటి మిషను మీద పెట్టి, "మీ కోసమే తెచ్చాను, మీరే తినాలి" అని చెప్పి, చొక్కా వేసుకున్న పిల్లిని ఎత్తుకుని పైకెళ్ళింది. డబ్బా అక్కడే ఉంది. ఆయన దాన్ని విప్పలేదు, పక్కకూ జరపలేదు. కుడుతున్నంతసేపూ సూది పక్కనే అది కనిపించేది.

మర్నాడు పొద్దున్నే శ్రీజ చొక్కా లేని బూరెను రెండు చేతుల్లో పట్టుకుని మెట్లు దిగివచ్చింది.

"అంకుల్, దీనికి జుట్టు పోయింది. రెండు పక్కలా. మీరు దువ్వినప్పుడు ఏమైనా చూశారా?"

ఆయన మిషను మీంచి తల ఎత్తలేదు. "లేదమ్మా. నేను పైపైనే కదా దువ్వతా ఉంటిని."

ఇందులో రెండో ముక్క నిజం. ఆ నిజాన్ని అడ్డం పెట్టుకునే మొదటి ముక్క అనగలిగానని ఆయన తర్వాత బాధపడ్డారు. శ్రీజ ఇంకేమీ అడగలేదు. అడిగుంటే చెప్పేసేవాణ్ణంటారు. అదీ ఎంతవరకు నిజమో చెప్పలేం.

ఆ వారం మధ్యలో శ్రీజ బూరెను డాక్టరు దగ్గరకు తీసుకెళ్ళింది. తిరిగొచ్చి నేరుగా దుకాణంలోకే వచ్చింది. నేను అక్కడే ఉన్నాను, నా జాకెట్టు కోసం.

"జబ్బేం కాదంట అంకుల్. జుట్టు కుదుళ్ళనుంచి ఊడలేదంట, కొసలు తెగిపోయాయంట. మనుషులెవరైనా కత్తిరించారా అనడిగాడు. లేదన్నాను. అయినా మనుషులు చేస్తే రెండు పక్కలా ఇంత సమానంగా రాదులెండి అని తనే అన్నాడు."

ఈ మాట విన్నప్పుడు జ్ఞానప్రకాశం గారి ముఖంలో ఒక్క క్షణం ఏదో వెలిగింది. మంచి పనివాడి ముఖంలో మాత్రమే వెలిగేది. మరుక్షణం దానికి ఆయనే సిగ్గుపడి, సూదిలో దారం ఎక్కించడం మొదలుపెట్టారు. సూదిలో అప్పటికే దారముంది.

"మరి ఎట్లయిందంట?" అన్నారు దయామణి గారు, భర్త వైపు చూస్తూ.

"అదే నాకేసి, కొరికేసి తీసేసుకుంటోందంట ఆంటీ. దిగులుంటే అలా చేస్తాయంట. ఇంట్లో ఒంటరిగా ఉంటుందా అనడిగాడు." శ్రీజ కుర్చీలో కూర్చుని ఏడ్చేసింది. "ఉంటుంది కదా మరి. నేను ఆఫీసుకెళ్ళిపోతాను. ఇంట్లో ఉన్నా మీటింగులే. దువ్వేటప్పుడు కూడా దాని మొహం చూసేదాన్ని కాదు. పెళ్ళికని అన్ని రోజులు వదిలేసి పోయాను."

"అన్ని పిల్లులూ ఒంటరిగానే ఉంటాయమ్మా, అవేమి గుంపు కట్టేవి కాదు" అన్నారాయన.

"డాక్టర్ చెప్పాడు కదంకుల్" అని ఆ అమ్మాయి వెళ్ళిపోయింది.

నేను జాకెట్టు సంగతి అడిగాను. ఆయన కాజాల మాట కూడా అనలేదు. "రేపు చూద్దామమ్మా" అన్నారు. అలాంటి జవాబు ఆయన నోట మొదటిసారి విన్నాను. ఏదో జరిగిందని అప్పుడే నాకు అనుమానమొచ్చింది. దయామణి గారు నన్ను వెనకవైపుకు తీసుకెళ్ళి, ఎవరికీ చెప్పనని ఒట్టు పెట్టించుకుని, అంతా చెప్పారు. ఒట్టు ఎక్కడిదాకా నిలబెట్టుకున్నానో ఇది చదువుతున్నవాళ్ళకు తెలుసు.

ఆయన్ను ఎక్కువగా తొలిచేసింది ఆ జుట్టు. ఆదివారం కత్తిరించిన జుట్టంతా ఆయన ఒక కాగితంలో పోగుచేశారు. ఒకరు నమ్మి ఇచ్చినదాంట్లో మిగిలింది పారేయడానికి ఆయనకు చేతులు రావు. తిరిగివ్వడం కూడా ఈసారి కుదరదు. దుకాణంలో ఎక్కడ పెట్టినా ఎవరో ఒకరు "ఏమిది" అంటారు. ఆయనకు పని నేర్పినాయన, పిన్నులు గుచ్చే దిండులో జుట్టు కూరితే సూదులకు తుప్పు పట్టదని చెప్పేవాడట. చివరికి లుంగీలో మిగిలిన గళ్ళముక్కతో పిడికెడంత దిండు కుట్టి, దాంట్లో ఆ జుట్టు కూరి, మిషను పక్కన పెట్టుకున్నారు. పిన్ను వెన్నలోకి దిగినట్టు దిగేది. దిగినప్పుడల్లా ఆయన కళ్ళు మూసుకునేవారు. అంతకన్నా కష్టం, బూరె. తలుపు తెరిచి ఉంటే మెట్లు దిగివచ్చి, బల్లమీదికెక్కి, ఆ దిండు దగ్గర కూర్చుని, వాసన చూసి, ఆయన వైపు చూసేది. పిల్లులు ఎవరినైనా అలాగే చూస్తాయని నేనన్నాను. ఆయన ఒప్పుకోలేదు.

"పైకి పొయ్యి ఒక మాట చెప్పేసి రా" అనేవారు దయామణి గారు రోజూ.

"చెప్తాను. ఆ పాప మనసు కొంచెం కుదుట పడనీ."

"నువ్వు చెప్తేనే కదా కుదుట పడేది."

"చెప్తానంటిని కదా. ఊరికే గలాటా చేయొద్దు."

ఇంతలో శ్రీజ ఒక నిర్ణయానికి వచ్చింది. తన ఆఫీసులో ఓంకార్ అని ఒకబ్బాయి ఉన్నాడు. దేవనహళ్ళిలో సొంతిల్లు, ఇంటిచుట్టూ తోట, తల్లి ఎప్పుడూ ఇంట్లోనే ఉంటుంది, ఇప్పటికే ఒక పిల్లి ఉంది. బూరెకు అక్కడే బాగుంటుంది. వచ్చే ఆదివారం సాయంత్రం అతను కారులో వచ్చి తీసుకెళతాడు. ఈ మాట దయామణి గారికి మెట్లమీదే చెప్పింది. చెబుతూ బూరెను దువ్వుతోంది. ఈసారి చెవిలో ఫోను లేదు. కన్నార్పకుండా దాని మొహంలోకే చూస్తూ దువ్వుతోంది. "నాలాంటోళ్ళు ప్రాణమున్నవాటిని పెంచకూడదు ఆంటీ" అంది.

దయామణి గారు వచ్చి ఈ మాట భర్తకు చెప్పి, ఇంకేమీ అనలేదు. ఆవిడ ఏమీ అనకపోవడం ఆ ఇంట్లో పెద్ద మాట.

డిసెంబరు మొదటి ఆదివారం వచ్చింది. వాళ్ళ చర్చిలో నెల మొదటి ఆదివారం రొట్టె, ద్రాక్షరసం ఇస్తారు. మనసులో ఎవరి విషయంలోనైనా తప్పుంటే ముందు అది సరిచేసుకుని రావాలి. లేదంటే ఆ రోజుకు తీసుకోకుండా కూర్చోవాలి. అందరూ లేచి ముందుకెళ్ళారు. జ్ఞానప్రకాశం గారు బెంచీ మీదే తలవంచుకుని కూర్చున్నారు. పెళ్ళయ్యాక ఆయనలా కూర్చోవడం చూడలేదంటారు దయామణి గారు. చర్చి మొత్తం చూసింది. బయట చెప్పులు వేసుకునే లోపే రకరకాల మాటలు పుట్టాయి. తమ్ముడితో స్థలం తగాదా అన్నారు కొందరు. ఎవరో ఆడమనిషి రోజూ దుకాణానికి వస్తోందన్నారు ఇంకొందరు. ఆ ఆడమనిషిని నేనేనని నాకు చాలా రోజుల తర్వాత తెలిసింది. నేను వెళ్ళింది జాకెట్టు కోసం.

ఆ సాయంత్రం కూడా దానికోసమే వెళ్ళాను. పాస్టరు గారు అప్పటికే కుర్చీలో కూర్చుని ఉన్నారు. బరువైన సంగతి వినడానికి సిద్ధపడి వచ్చినట్టు, ముందుకు వంగి, రెండు చేతులూ జోడించి పెట్టుకున్నారు.

"బ్రదర్, ఏదున్నా నాతో చెప్పుకోవచ్చు. బలహీనత లేని మనిషి లేడు."

జ్ఞానప్రకాశం గారు దిండులోంచి ఒక పిన్ను తీసి మళ్ళీ అక్కడే గుచ్చారు. "చెప్పేంత పెద్దదేమీ కాదు సార్" అన్నారు. ఆ పిన్నే మళ్ళీ లాగి, "చెప్పకుండా ఉండేంత చిన్నదీ కాదు" అన్నారు.

అప్పుడే వీధిలో కారు ఆగింది. ఓంకార్ దిగాడు. పొడుగ్గా, కంగారుగా, ఎవరింట్లోనో చావుకు వచ్చినవాడిలా చేతులు కట్టుకుని గుమ్మంలో నిలబడ్డాడు. పైనుంచి శ్రీజ బూరెను బుట్టలో పెట్టుకుని దిగింది. రెండో చేతిలో దువ్వెన, బ్రష్షు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. బుట్టను కటింగు బల్లమీద పెట్టి, బ్రష్షు ఓంకార్ చేతికిచ్చింది.

"రోజూ దువ్వాలి. వెల్లకిలా పడుకోబెట్టుకుని ముందు చంకలకింద దువ్వు. పైన దువ్వితే చూసేవాళ్ళకి బాగుంటుంది. కింద దువ్వితే దానికి హాయి."

ఓంకార్ తల ఊపాడు. శ్రీజ ఇటు తిరిగింది. "అంకుల్, బూరెకు బై చెప్పండి. దాని చొక్కా కూడా బుట్టలో పెట్టాను. మీ గుర్తుగా ఉంటుంది."

జ్ఞానప్రకాశం గారు లేచారు. కళ్ళజోడు తీశారు, పెట్టుకున్నారు, మళ్ళీ తీశారు.

"అమ్మా, అది నాక్కోలేదు. నేనే కత్తిరిస్తిని."

బుట్టలో బూరె ఒకసారి సర్దుకుంది.

"చంకల్లో ఉండలు కట్టింది. నేను పైపైన దువ్వినందుకే కట్టింది. నువ్వు వద్దంటివి, నేను కత్తెర పెడితిని. ఒక పక్క ఎక్కువైంది, సమానం చేద్దామని ఇంకో పక్క..."

శ్రీజ తడికళ్ళతోనే నవ్వింది. "వద్దంకుల్. నన్ను ఓదార్చడానికని మీ మీద వేసుకోకండి."

"ఓదార్చేదేమి లేదమ్మా. నిజం చెప్తా ఉండాను."

"డాక్టర్ చూశాడు కదా. మనిషి చేస్తే అంత సమానంగా రాదన్నాడు."

"టైలరు చేస్తే వస్తాది" అన్నారాయన.

ఆ అమ్మాయి ఇంకా తల అడ్డంగానే ఊపుతోంది. అంత మంచి మనిషి అలాంటి పని చేసి వారమంతా ఊరుకున్నాడంటే నమ్మలేకపోతోంది. వారంపాటు చెప్పడానికి భయపడ్డ మనిషికి చెప్పాక నమ్మించడం ఇంకో కష్టమైంది. ఆయన మిషను దగ్గరకెళ్ళి గళ్ళదిండు తీసుకున్నారు. పిన్నులన్నీ ఒక్కొక్కటే లాగి డబ్బాలో వేశారు. తొందరపడలేదు. కుట్టు విప్పే బ్లేడుతో ఒక పక్క కుట్లు తెంపి, దిండును తిరగేసి, బల్లమీద పెట్టారు. బాగా వేగిన బూరె రంగు జుట్టు, నొక్కిపెట్టినదంతా ఒక్కసారిగా ఊపిరి తీసుకున్నట్టు పొంగింది. బూరె బుట్ట సందులోంచి ముందుకాలు చాపింది.

"నీదేనమ్మా. మిగిలింది" అన్నారాయన.

శ్రీజ ఆ జుట్టును చేత్తో తాకింది. కొన్ని వెంట్రుకలు వేళ్ళమధ్య పట్టుకుని కొసలు చూసింది. నీటుగా, ఒకే గీతలో తెగిన కొసలు. చాలాసేపు చూసింది.

"రోజూ పడుకునేముందు దీనికి సారీ చెప్పుకుంటున్నానంకుల్" అంది చివరికి. గొంతు పెంచలేదు. "నేను కిందికి వచ్చి ఇదే కుర్చీలో కూర్చుని ఏడ్చాను. మీరు చూస్తూనే ఉన్నారు."

ఆయన తప్పయిందని కూడా అనలేకపోయారు. చేతిలో ఖాళీ అయిన గళ్ళముక్కను సరిగ్గా అంచులు కలిపి మడతపెట్టారు. విప్పారు. మళ్ళీ మడతపెట్టారు.

శ్రీజ ఓంకార్ చేతిలోంచి బ్రష్షు వెనక్కి తీసుకుంది. "సారీ ఓంకార్. అమ్మకు చెప్పు" అని, బుట్ట ఎత్తుకుని మెట్లెక్కేసింది. పై తలుపు గట్టిగా వేయలేదు. మామూలుగానే వేసింది. ఆయనకు అది ఇంకా బరువుగా తగిలిందనుకుంటాను.

"అయితే నేను వెళ్ళనా?" అన్నాడు ఓంకార్ ఎవరితోనో తెలియక అందరితోనూ.

"కూర్చో నాయనా. దేవనహళ్ళి నుంచి వస్తివి. పూతరేకులుండాయి" అని దయామణి గారు మిషను మీది డబ్బా విప్పారు.

పాస్టరు గారు జోడించిన చేతులు విడదీశారు. "ఇంతేనా బ్రదర్?" అన్నారు. ఆ గొంతులో ఉపశమనముంది, కాస్త నిరాశ కూడా ఉందేమోనని నాకనిపించింది.

"ఇది చాలదా సార్" అన్నారు జ్ఞానప్రకాశం గారు.

పాస్టరు గారు కాసేపు పైమెట్ల వైపు చూసి, "చాలు" అన్నారు.

ఆ తర్వాత చాలా రోజులు శ్రీజ మెట్లు దిగుతూ దుకాణం వైపు చూడలేదు. ఆయన మాత్రం మెట్లమీద అడుగు వినిపిస్తే మిషను ఆపి లేచి నిలబడేవారు, కాలు చప్పుడు వీధిలో కలిసిపోయేదాకా. క్రిస్మస్‌కు పైకి కేకు పంపితే గిన్నె కడిగి తిరిగొచ్చింది, ఖాళీగా. మన వైపు గిన్నె ఖాళీగా రాదు. దయామణి గారు ఆ గిన్నెను ఒకసారి చూసి లోపల పెట్టేశారు.

పండగైన తర్వాత ఒక పొద్దున, కుట్టుపని పల్చబడ్డ రోజుల్లో, శ్రీజ బూరెను ఎత్తుకుని దుకాణంలోకి వచ్చింది. దువ్వెనా బ్రష్షూ బల్లమీద పెట్టింది.

"కత్తెర లోపల పెట్టండి."

ఆయన కత్తెర తీసుకెళ్ళి లోపలింట్లో బియ్యం డబ్బా మీద పెట్టి వచ్చారు.

"కింద కూర్చోండి. దీన్ని వెల్లకిలా పట్టుకోండి. అలా కాదు, పట్టుకున్నట్టుండకూడదు, పడుకున్నట్టుండాలి. ముందు చంకలు. ఒక చేత్తో జుట్టు మొదట్లో పట్టుకుంటే దువ్వెన లాగినా చర్మానికి తెలీదు. కొసలు ముందు విప్పి మెల్లగా మొదటికి రండి."

ఆయన దువ్వారు. బూరె మొదట చెవులు వెనక్కి పెట్టింది. కాసేపటికి ఒక కాలు వదిలేసింది, తర్వాత రెండోది. గుర్రుమని శబ్దం మొదలైంది. ఆ శబ్దం విని ఆయన దువ్వడం ఆపేసి, పైకి చూడకుండా, "నన్ను క్షమించు తల్లీ" అన్నారు. పిల్లితో అన్నారో, పిల్లతో అన్నారో మేమెవరం అడగలేదు. ఇద్దరూ అక్కడే ఉన్నారు.

"ఆపకండి" అంది శ్రీజ.

అప్పటినుంచి ఆ అమ్మాయి ఆఫీసుకు వెళ్ళే రోజుల్లో బూరె దుకాణంలోనే ఉంటోంది. కటింగు బల్లమీద, గళ్ళచొక్కా వేసుకుని. ఆయన పొద్దున్నే కత్తెర బియ్యం డబ్బామీద పెట్టి, కింద చాపేసుకుని, చంకలూ పొట్టా ముందు, వీపు చివర, తీరిగ్గా దువ్వుతారు. కస్టమర్లు నిలబడి వేచి ఉంటారు. బ్రష్షుకు పట్టిన జుట్టు ఏ రోజుది ఆ రోజు చుట్టచుట్టి, బూరె రంగు దారంతో ముడేసి, సాయంత్రం శ్రీజకు ఇచ్చేస్తారు. ఆ అమ్మాయి వాటినేం చేసుకుంటుందో తెలియదు. వద్దని మాత్రం ఇంతవరకూ అనలేదు. జనవరి మొదటి ఆదివారం ఆయన అందరితోపాటు లేచి ముందుకెళ్ళారు. నా జాకెట్టు ఇంకా రాలేదు.

మొన్న చలి తగ్గాక, శ్రీజ బూరె చొక్కా విప్పి, బల్లమీద అటూ ఇటూ తిప్పి చూసి, నడుంమీద చేతులు పెట్టుకుంది.

"అంకుల్, కుడివైపు నిండా వచ్చేసింది. ఎడమవైపు ఇంకా సగం కూడా రాలేదు. ఎప్పటికవుద్ది ఇది?"

జ్ఞానప్రకాశం గారు కళ్ళజోడు పైనుంచి చూశారు.

"అయిపోయిందమ్మా, కాజాలొకటే బాకీ."